సానబట్టినవాడు

జగిత్యాల గ్రంథాలయం నుంచి తెచ్చుకున్న రెండు పుస్తకాలతో సిరిసిల్ల బస్సెక్కాను. ఒకటి వజ్రం దొంగతనం మీద నవల, రెండోది గోల్కొండ వజ్రాల చరిత్ర. నవలలో దొంగ రైల్లో ఒకావిడతో మాట కలిపే చోట ఉండగా, పక్క సీటతను నా ముక్కుపుడక వైపే చూస్తున్నాడని గమనించాను.

కోరుట్లలో నగలు బాగుచేసేవాడొకడు దీని రాయి మార్చబోయిన సంగతి నేనింకా మరచిపోలేదు. కొంగు ముక్కు మీదికి లాక్కున్నాను.

“అక్కా, గా పుస్తకాలల్ల వజ్రాలు సానవట్టెటోళ్ల ముచ్చట ఉన్నదా?” అన్నాడతను.

“నీకెందుకయ్యా?”

“సూరత్‌ల పదిహేనేండ్లు గదే పని జేసిన. ఇప్పుడు సిరిసిల్లల సాంచ మీద బట్ట నేస్తున్న. నీకు వజ్రాలెక్కడియే నాయినా అని మా బిడ్డ నవ్వుతది. పుస్తకంల ఉంటే సూపిద్దామని.”

“గిట్ల మాట కలిపెటోళ్లను మస్తుమందిని సూసిన. అటు తిరిగి కూసో.”

అతను లేచి వెళ్లి, సిరిసిల్ల దాకా డ్రైవర్ వెనక కడ్డీ పట్టుకుని నిలబడ్డాడు.

రెండు పుస్తకాలూ చివరిదాకా చదివాను. రాజులున్నారు, దొంగలున్నారు. సానబట్టినవాళ్లు ఒక్క పేజీలోనూ లేరు. అలాంటి పుస్తకం తెప్పించాలని గ్రంథాలయం ఫిర్యాదుల రిజిస్టర్‌లో గట్టిగానే రాశాను.

లైబ్రేరియన్ అది చదివి, “ఎవలకు గావాలె మేడం? పేరు రాయుండ్రి, పుస్తకం అస్తే కబురు జేస్తం” అన్నాడు.

బస్సులో అతని పేరు నేను అడగలేదు. పేరు గడి ఖాళీగానే ఉంది.