ఊట దగ్గర ఉండిపోయిన మనిషి

తొంభైల చివర్లో నేను అరకు దగ్గర ఒక కాలనీ బడిలో పంతులుగా ఉండేవాణ్ణి. కొండమీది ఊళ్లో తాగునీటి ఊటలోకి గని మడ్డినీళ్లు చేరి పశువులు చచ్చిపోయాయి. పిల్లలూ జబ్బుపడ్డారు. ఊరు మొత్తాన్నీ ఖాళీ చేయించి ఆ కాలనీకి దించారు. కొన్నాళ్లకే ఒక ముసలాయన ఒంటరిగా తిరిగి వెళ్లి ఊట పక్కన పాక వేసుకున్నాడు.

మనిషి వచ్చినా మేక వచ్చినా చేతులు బార్లా చాపి అడ్డం నిలబడేవాడు. "తాగొద్దు బాబూ, ఇసం" అనేవాడు.

ఒకసారి ఆయన కూతురితో కలిసి పైకి వెళ్లాను. ఆయన ఆ ఊటనీళ్లతోనే అంబలి కాస్తున్నాడు.

"ఏటయ్యా ఇది? అందర్నీ ఆపి నువ్వు తాగతన్నావా?" అని కూతురు అరిచింది.

ఆయన తలెత్తలేదు. "గని కంపినీ వోల్లకి ఈ కొండలో రాయి సూపించింది నానే కదమ్మా. మనోల్లకి కూలి దొరుకుతాదనుకున్నాను. నీ గుంటడు, నా మనవడు, ఈ నీల్లకే పోనాడు. నానెలాగ మంచినీల్లు తాగుతాను?"

ఆమె ఆయన ముందు కూర్చుని దోసిలి పట్టింది.

"అయితే నాకూ పొయ్యి."

ఆయన అంబలి కుండను నేలమీద బోర్లించేశాడు.

ఆయన కాలనీకి రానేలేదు. కూతురే ప్రతి సంతరోజూ కాలనీ బోరునీళ్లు బిందెతో మోసుకెళ్లేది. ఆమె ఎదురుగా ఉండగా ఆ నీళ్లు తాగేవాడు గానీ, తాగినంతసేపూ మొహం అటు తిప్పుకునేవాడు.