తెర మీద మా నాన్న

నేను ఇంటర్ చదివే రోజుల్లో, మా అమ్మ పూతరేకులు చేయడం మీద డాక్యుమెంటరీ తీస్తామంటూ ఇద్దరు మా ఊరు ఆత్రేయపురం వచ్చారు. "మేం లేనట్టే మీ పని మీరు చేసుకోండి" అన్నారు. వారం తిరిగేసరికి కెమెరా సంగతి నిజంగానే మరచిపోయాం.

కొన్నాళ్లకు మా ఊరి స్కూల్లో ఆ సినిమా వేశారు. తెర మీద అమ్మ కుండ దగ్గర రేకులు తీస్తోంది. అన్నం ఆలస్యమైందని నాన్న కంచం విసిరికొట్టి, నోటికొచ్చినట్టు తిడుతున్నారు. అమ్మ తలెత్తకుండా మెతుకులు ఏరుతోంది. ఊరంతా చూస్తుంటే నాకు తల కొట్టేసినట్టయింది.

మా పక్కనే కూర్చుని చూస్తున్న నాన్న అమ్మ వైపు తిరిగి, "నేనిలా అరుస్తానా?" అని మెల్లగా అడిగారు.

"రోజూ ఇంతే కదండీ" అంది అమ్మ.

ఆయన కోపం పూర్తిగా పోలేదు గానీ, ఆ తర్వాత ఎప్పుడూ కంచం విసరలేదు. ఎదురుగా చెప్పే ధైర్యం లేక మేం ఏళ్ల తరబడి మింగినదాన్ని, ఆ రోజు ఆయన తన కళ్లతో తనే చూసుకున్నారు.