పొద్దు చేరని కొండ

నా చిన్నప్పుడు, తొమ్మిదేళ్లు నిండిన ఏడాది చలికాలంలో, మా నాన్న జుబైల్ వెళ్లారని అమ్మ చెప్పింది. మేమప్పుడు అరబ్బు దేశంలో, తాయిఫ్ అనే కొండ ఊళ్లో ఉండేవాళ్లం. అమ్మ ఆసుపత్రిలో నర్సు, నాన్న కొండదారి వెడల్పు చేసే పనిలో మెకానిక్. దూరాన ఉన్న జుబైల్‌లో ఫ్యాక్టరీ ఆపి మరమ్మతు చేసే షట్‌డౌన్ పని పడిందని, అవగానే వచ్చేస్తారని అమ్మ నాకు జడ వేస్తూ అంది. వెనక కూర్చుంది కాబట్టి ఆమె ముఖం నాకు కనిపించలేదు.

నాన్న ఎక్కడికీ వెళ్లలేదు. కొండ మీంచి బండ జారి పడి అక్కడే పోయారు. అమ్మ పనిచేసే ఆసుపత్రిలోనే, శవాలుంచే గదిలో ఉన్నారు. మన దేశానికి పంపాలంటే కఫీల్, అంటే నాన్నను పనికి రప్పించిన అక్కడి యజమాని, సంతకం కావాలి. ఆయన ఎక్కడో ప్రయాణంలో ఉన్నాడు. అడిగిన ప్రతిసారీ ఆయన ఆఫీసువాళ్లు ‘బుక్రా’, రేపు, అనేవారట. సెలవు పెడితే నేను ఎందుకని అడుగుతానని అమ్మ రోజూ తెల్లబట్టలు వేసుకుని అదే భవనంలోకి డ్యూటీకి వెళ్లేది. ఇవన్నీ నాకు తర్వాత తెలిశాయి.

అమ్మ వచ్చేదాకా నన్ను చూసుకున్నది పక్కింటి చాచా. కడప మనిషి. నాన్న పనిచేసిన దారి మీదే సర్వేయరు. నాన్న ఎప్పుడొస్తారని రోజుకు పదిసార్లు అడిగేదాన్ని. ఒక సాయంత్రం ఆయన నన్ను మేడ మీదికి తీసుకెళ్లి పడమటి కొండలు చూపించాడు. చేతికి సుద్దముక్క ఇచ్చి, పొద్దు ఎక్కడ దిగుతుందో పిట్టగోడ మీద రోజూ గీత పెట్టమన్నాడు. పొద్దు రోజురోజుకీ ఎడమకు జరుగుతోంది. ఆ వైపు చివర ఒక మొనదేలిన కొండ ఉంది.

“పొద్దు ఆ కొండ కాడికి పోయినంక అడుగు పాపా, మీ నాయన సంగతి” అన్నాడు.

నేను దాన్ని మాట ఇచ్చినట్టే తీసుకున్నాను. ఆ రోజు నుంచి అడగడం మానేశాను. బడి నుంచి రాగానే మేడెక్కేదాన్ని.

గీతలు పెడుతుంటే ఆయన నాకు ఇంకాలనే పాతకాలపు జనం గురించి చెప్పేవాడు. తనతో పనిచేసిన విదేశీ ఇంజినీరు దగ్గర వాళ్ల గురించిన బొమ్మల పుస్తకం చూశాడట. సముద్రాల అవతల, మనకంటే పెద్ద కొండల్లో వాళ్ల రాజ్యం. తమ పట్నం చుట్టూ కొండల మీద రాతి స్తంభాలు నిలబెట్టారు. పొద్దు ఫలానా స్తంభం దగ్గర దిగిందంటే విత్తనం వేసే వేళ. రాజు మాట కూడా ఆ పొద్దు మీదే నడిచేది, తాను సూర్యుడి కొడుకునని చెప్పుకునేవాడు కాబట్టి.

డిసెంబరు నడుస్తుండగా గీతలు దగ్గరపడ్డాయి. చివరికి ఒకదాని మీద ఒకటి పడసాగాయి. నాకు భయమేసింది. ఇంకాలకూ ఈ భయం ఉండేదని ఆయన అన్నాడు. పొద్దు చివరికంటా పోయి ఆగిపోయే రోజుల్లో, వెనక్కి రమ్మని పెద్ద పండగ చేసేవాళ్లట. చనిపోయిన రాజుల శరీరాలను పూడ్చకుండా ఎండబెట్టి దాచి, పండగలకు మంచి బట్టలు కట్టి బయట కూర్చోబెట్టేవాళ్లట. వాళ్ల ముందు కల్లు పెట్టి, వాళ్లతో మాట్లాడేవాళ్లట. తర్వాత గుర్రాల మీద పరాయివాళ్లు వచ్చి రాజును చంపారు, స్తంభాలు కూల్చారు, ఆ శరీరాలనూ వెతికి పట్టుకుపోయారు.

“చనిపోయారని వాళ్లకి తెలీదా చాచా?” అని అడిగాను.

“తెల్సు పాపా. తెల్సినా పంపేదానికి మనసు రాల్యా.”

 ఆ సాయంత్రం ఆయన మళ్లీ కొండల వైపు చూడలేదు.

కొన్నాళ్లకు కొత్త గీత పాతగీతకు కుడిపక్కన పడింది. మర్నాడూ అంతే. మొనకొండ ఇంకా అంత దూరంలోనే ఉంది. నేను గబగబా మెట్లు దిగి ఆయన తలుపు కొట్టాను.

“పొద్దు వెనక్కి పోతోంది. ఆ కొండకి ఎప్పటికీ వెళ్లదు. మీకు ముందే తెలుసు కదా?”

ఆయన తలుపు పూర్తిగా తీశాడు.

“తెల్సు” అన్నాడు. “తేదీ చెప్పి అబద్ధమాడేదానికి నోరు రాల్యా. అందుకే పొద్దు పోని కొండ చూపించినా. తప్పు చేసినా పాపా.”

నన్ను లోపలికి పిలిచి చాప మీద కూర్చోబెట్టి, తనూ ఎదురుగా కూర్చున్నాడు. “మీ నాయన జుబైల్ పోల్యా. కొండ కాడ బండ మీద పడి చనిపోయినాడు. ఇంగ రాడు” అన్నాడు. ఎక్కడున్నారని అడిగితే అదీ చెప్పాడు. నొప్పి తెలిసిందా అని అడిగితే, తనకు తెలియదన్నాడు. లేదని చెప్పడం ఎంత సులువో నాకు ఇప్పుడు తెలుసు.

నేను ఆయన్ని కొట్టాను. గిన్నె విసిరేశాను. ఆయన లేవలేదు, ఊరుకోమనలేదు. అమ్మ వచ్చేదాకా అలాగే కూర్చున్నాడు.

అమ్మ గుమ్మంలోనే సంగతి గ్రహించింది. “ఎవరు చెప్పమన్నారండీ మిమ్మల్ని? అది నా బిడ్డ!” అని అరిచింది. ఆయన తలొంచుకున్నాడు. అరిచి అరిచి అమ్మ నా పక్కనే కూలబడింది. నాన్న పోయాక ఆమె ఏడవడం నేను చూసింది అదే మొదలు. ఇద్దరం కలిసి ఏడ్చాం.

సంతకం వచ్చేసరికి జనవరి సగమైంది. గోదావరి పక్క మా ఊళ్లో నాన్నను సమాధి చేశాం. పెట్టె తెరవనివ్వలేదు. మేం తిరిగి వచ్చేసరికి చాచా పని ముగించుకుని, ఇక తిరిగి రాని ఎగ్జిట్ వీసా మీద ఊరికి వెళ్లిపోయాడు. ఆయన్ని మళ్లీ చూడలేదు. అమ్మ ఆయన్ని క్షమించిందో లేదో నాకు తెలియదు, నేనెప్పుడూ అడగలేదు.

ఇప్పుడు నేను అదే దేశంలో, ఖోబర్ పట్నం అల్ అజీజియా పేటలో, కూతురి దగ్గర ఉంటున్నాను. ఉద్యోగమంతా ఆసుపత్రుల్లోనే గడిచింది. పోయినేడు కింది ఇంట్లో ఒకాయన గుండెపోటుతో పోతే, ఆయన కూతురికి ఏం చెప్పాలో తెలియక వాళ్లమ్మ నన్ను పిలిచింది. ఊరెళ్లారని చెబుదామా అంది. వద్దన్నాను. తల్లిని నా పక్కన కూర్చోబెట్టుకుని ఆ పిల్లకు ఉన్నది ఉన్నట్టు చెప్పాను. ఆ పిల్ల నా చేయి కొరికింది. నేను చేయి వెనక్కి తీసుకోలేదు. నిజం చెప్పడం కష్టమే, కానీ అది సగం పనే. చెప్పినవాళ్లు ఆ తర్వాత లేచి వెళ్లిపోకూడదు.