గోలీకి నూలేంది?

ఆ రోజుల్లో గద్వాలలో మందుల షాపుకు వచ్చినవాళ్లు మందును పేరు పెట్టి అడిగేవారు కాదు, రంగు చెప్పి అడిగేవారు. ఎర్ర పసుపు గొట్టం గోలీ, నడుమ గీత ఉన్న నీలం గోలీ, మొన్న చిన్నదానికి ఇచ్చిన గులాబి సీసా. ఇందులో నవ్వవలసిందేమీ లేదు. డాక్టరు రాత షాపువాడికి తప్ప ఎవరికీ అర్థం కాదు, డబ్బా మీదవి ఇంగ్లీషు అక్షరాలు, ఇక జనానికి మిగిలింది రంగే. పైగా మాది మగ్గాల ఊరు. నేను పుట్టిన ఇంట్లో ఉత్త ఎరుపు అంటే ఎవరూ పలికేవారు కాదు. కుంకుమ ఎరుపా, దానిమ్మ గింజ ఎరుపా, ఎండు మిరపకాయ ఎరుపా అన్నది తేల్చి చెప్పాలి. అలాంటి ఇంటి పిల్లను నేను, డిగ్రీ అయ్యాక వేరే ఉద్యోగం దొరక్క బజారులోని ఒక మందుల షాపులో కౌంటరు దగ్గర చేరాను. (అప్పటికే మా గ్రంథాలయంలోని నవలలన్నీ చదివేశాను. తెలుసుకోవలసింది ఇంకేం మిగిలిందని అప్పుడప్పుడు దిగులుపడేదాన్ని.)

షాపు యజమానిని అందరూ సేటు అనేవారు. మొదటి వారంలోనే ఆయన నన్ను మెచ్చుకున్నాడు. ఎవరైనా కాగితంలో చుట్టిన ఒక్క గోలీ తెచ్చి "గిసొంటిదే ఇయ్యి బిడ్డా" అంటే, నేను దాన్ని వెలుతురులో పట్టుకుని చూసి, అరలోంచి సరిగ్గా అదే ఛాయది తీసి ఇచ్చేదాన్ని. పట్టు అంచుకు పోగు కలిపినట్టే. "నీ కంట్లో త్రాసుంది పిల్లా" అనేవాడు సేటు. ఆ మాట నేను ఇంటికి వచ్చి నలుగురికీ చెప్పుకున్నాను.

ఇదంతా ఇప్పుడు రాయడానికి కారణం మా పెద్దత్త. మా నాన్నకు అక్క, మా ఇంట్లోనే ఉండి చివరిదాకా మగ్గం వదలని మనిషి. పోయిన నెల పోయింది. పరామర్శకు వచ్చినవాళ్లంతా చాలా మంచిదన్నారు, నెమ్మదస్తురాలన్నారు. నేను ఊరుకున్నాను గానీ ఒప్పుకోలేదు. ఆమె నెమ్మదస్తురాలు కాదు, మొండిది. ఆ మొండితనమే ఆమెను అంతకాలం బతికించింది. ఆ సంగతి ఎవరూ అనలేదు గనుక నేను అంటున్నాను.

పెద్దత్త వయసులో ఉన్నప్పుడు కాలికి చీము పడితే దవాఖానలో సూది ఇచ్చారట. ఇచ్చిన కాసేపటికే ఒళ్లంతా దద్దుర్లు లేచి, మొహం ఉబ్బి, ఊపిరాడక పడిపోయింది. ఎట్లాగో బతికించిన డాక్టరమ్మ తర్వాత పక్కన కూర్చుని చెప్పింది: "నీకు పెన్సిలిన్ పడదు. ఎక్కడికి పోయినా ఈ మాట చెప్పు." ఆమె ఉద్దేశం డాక్టర్లకు చెప్పమని. అత్త అందరికీ చెప్పేది. బస్సు కండక్టరుకు చెప్పేది. వనపర్తిలో ఒక పెళ్లిబంతిలో చారు వడ్డిస్తున్నవాడి చెయ్యి పట్టుకుని "గిండ్ల పెన్సిలిన్ లేదు గద నాయనా" అని అడిగింది. (నేను పక్క విస్తరి దగ్గర్నుంచి లేచి వేరే బంతికి పోయాను.)

నేను షాపులో చేరిన ఏటి వానాకాలంలో అత్త కొత్తకోటలో చుట్టాల ఇంటికి పోయి పన్ను వాపుతో తిరిగొచ్చింది. పెన్సిలిన్ పడదని ఆమె చెప్పిన మీదటే అక్కడి డాక్టరు అయిదు రోజులు వాడమని చీటీ రాసి, రెండు రోజుల మందు ఇచ్చి, మిగిలింది ఊళ్లో కొనుక్కోమన్నాడట. చీటీ దారిలో తడిసి నీలం మరకగా మిగిలింది. ఒక గోలీ మాత్రం కొంగు ముడిలో పొడిగా ఉంది. ఒకవైపు మెరూన్, ఒకవైపు పసుపు. నాకది అరనిమిషం పని. షాపుకు తీసుకుపోయి, నాలుగు రకాలు పక్కన పెట్టి చూసి, సరిపోయిన గోలీల పట్టీ తెచ్చి అత్త చేతిలో పెట్టాను.

"చూడు అత్తా. పోగంత తేడా లేదు."

అత్త రెండింటినీ కిటికీ దగ్గరికి తీసుకుపోయింది. దవడ ఒకవైపు బూరెలా పొంగి ఉంది, కొంగు తలచుట్టూ బిగించి కట్టుకుంది. చాలాసేపు చూసింది.

"రంగు కలిసింది. నూలేంది?"

"నూలేందంటే?"

"లోపల ఉన్నదేందని."

పట్టీ మీద పెద్ద అక్షరాల్లో ఉన్న పేరు చదివాను.

"అది దుకాణపోడు సంచి మీద ఏసుకున్న పేరు. నేనడిగింది నూలు."

ఇక్కడ మా పని సంగతి కొంచెం చెప్పాలి. పట్టు అని ఎవరైనా కొత్త సరుకు తెస్తే మా ఇళ్లలో మాట నమ్మరు, మెరుపు నమ్మరు. ఒక పోగు తీసి కాలుస్తారు. నిజమైన పట్టు అయితే వెంట్రుక కాలిన వాసన వస్తుంది, వేళ్లతో నలిపితే పొడి అవుతుంది. నకిలీది కరిగి ఉండ కడుతుంది. అత్త అట్లా కాల్చి ఎంతమంది షావుకార్లను గుమ్మంలోంచే పంపించిందో.

"గోలీని కాల్చి చూడరాదు గద బిడ్డా. అందుకే పేరడుగుతున్న. చిన్నక్షరాలు సదువు."

చదివాను. "అమాక్సిసిలిన్. చూసినవా, పెన్సిలిన్ అని యాడ లేదు."

"గిది పెన్సిలిన్‌కు ఏమైతది?"

"మందులకు చుట్టరికాలుంటయా అత్తా?"

"కొత్త మనిషి ఇంటికొస్తె ఎవరి తాలూకని అడుగుతమా లేదా?"

"డిగ్రీ సదివిన. నాకు తెల్వదా? మింగు."

"తెలిస్తె చెప్పు మరి."

 నాకు కోపం వచ్చింది. తెలియనందుకు కాదు, అడిగినందుకు. నాన్న మగ్గం దిగి వచ్చి బతిమాలాడు. "పొద్దటిసంది మూలుగుతున్నవ్ అక్కా. పిల్ల అంత తిప్పలపడి తెచ్చింది, మింగరాదు." అత్త చెప్పులు వేసుకుంది. "మింగుత. అదెవరో తెలిసినంక."

షాపు దాకా నడిచింది. నేను నాలుగడుగులు వెనక నడిచాను, ఆమె ఎవరో నాకు తెలియనట్టు. (గద్వాలలో ఆ ఎత్తు పారదు. ఎదురైన ప్రతివాళ్లూ "మీ అత్తకేమైంది" అని నన్నే అడిగారు.)

సేటు నవ్వాడు. "అమ్మా, దినాం ఎంతమంది తింటున్నరు దీన్ని. ఎవరికేం కాలె."

"ఆళ్లకు కాలె. నేను ఆళ్లను కాను."

"పేరే వేరే ఉంటే ఇంక పరేషాన్ ఎందుకు?"

"మా తమ్ముని పేరు వేరే, నా పేరు వేరే. ఇద్దరం ఒక్క కడుపుల పుట్టలేదా?"

సేటు నా వైపు చూశాడు. నేను దగ్గు మందు సీసాల వైపు చూశాను. అత్త గోడ మీది ఫ్రేము చూపించింది. అందులో మందుల షాపుకు తప్పనిసరిగా ఉండవలసిన ఫార్మసిస్టు సర్టిఫికెట్టు, దానికి ఒక మూల కళ్లద్దాల మనిషి ఫోటో. "ఆయనకు తెలుస్తది గద. పిలువు."

"ఆయన ఈడ ఉండడు. నాగర్‌కర్నూల్ల ఉంటడు."

"ఫోటో ఈడ, మనిషి ఆడనా. మంచిగుంది. మరి ఈడ తెలిసినోళ్లెవరు?"

 అత్త షాపు మెట్టు మీద కూర్చుంది. "తెలిసేదాక లేవ" అంది. జనం ఆగి చూడటం మొదలుపెట్టారు. సైకిల్ మీద పోతున్న ఒకాయన దిగి, ఏమి అమ్ముతున్నారని అడిగాడు. సేటు గొంతు తగ్గించి "మీ అత్తను జర తీసుకపో" అన్నాడు నాతో. నేను వంగి "ఇజ్జత్ పోతుంది, లే అత్తా" అన్నాను. అత్త నన్ను చూసింది. కోపంగా కాదు.

"గన్ని బుక్కులు సదువుతవ్ గద. దీని బుక్కు లేదా?"

ఉంది. అదే నన్ను ఇప్పటికీ కుదురుగా ఉండనివ్వని సంగతి. మందుల వివరాలుండే లావుపాటి ఇంగ్లీషు పుస్తకం ఒకటి షాపులో ఉంది, టేబుల్ ఫ్యాను కింద ఎత్తు కోసం పెట్టి. నాలుగు నెలలు ఆ ఫ్యాను గాలికి కూర్చుని నవలలు చదివాను గానీ, దాని అట్ట కూడా తిప్పలేదు. ఫ్యాను పక్కకు పెట్టి, దుమ్ము తుడిచి, వెతికాను. అమాక్సిసిలిన్ దొరికింది. మొదటి వాక్యంలోనే ఉంది, అది పెన్సిలిన్ జాతి మందు అని. కింద హెచ్చరిక: పెన్సిలిన్ పడనివాళ్లకు ఇవ్వకూడదు.

అది తెలుగులో ఒకసారి మెల్లగా చెప్పాను. రెండోసారి మెట్టు దాకా వినపడేట్టు చెప్పాను. సేటు పట్టీని నెమ్మదిగా తీసుకుని సొరుగులో వేసుకున్నాడు. మెట్టు మీద అత్త మోకాళ్లు పట్టుకుని లేచింది.

"రంగైతే మంచిగ కలిపినవ్ బిడ్డా" అంది.

ఆ సాయంత్రం దవాఖానలో డాక్టరు చూసి వేరే మందు రాశాడు. అసలు పేరు అడిగి రాయించుకున్నాను: క్లిండమైసిన్. కొత్తకోటలో ఇచ్చింది కూడా బహుశా అదే అయి ఉంటుందన్నాడు. కంపెనీ వేరు గనుక ఈసారి గోలీ వేరే రంగులో ఉంది. అత్త పేరు విని, పెన్సిలిన్‌కు ఏమీ కాదని డాక్టరు నోట రెండుసార్లు అనిపించుకుని, అప్పుడు మింగింది.

మర్నాటి నుంచి నేను షాపులో ప్రతి మందుకూ చిన్న అక్షరాల పేరు పైకి చదివి ఇవ్వడం మొదలుపెట్టాను. కంపెనీ పెట్టే పేరు కంపెనీని బట్టి మారుతుంది, ఈ పేరు మారదు, ఇదే లోపలి సరుకు అని వచ్చినవాళ్లకు చెప్పాను. రంగు చూసి ఇవ్వడం మానేశాను. బల్మూరు నుంచి వచ్చిన ఒక రైతు "ఈ పిల్ల గోలీ ఇయ్యమంటె పాఠం చెప్తుంది" అని విసుక్కుని, పోతూ పోతూ పేరు మాత్రం రాయించుకుపోయాడు. సేటు కొన్నాళ్లు ఓర్చుకుని, "దుకాణమా బడా ఇది" అన్నాడు. రెండూ అన్నాను. మరుసటి నెల ఉద్యోగం లేదు. ఇంటికి వచ్చి చెబితే అత్త మగ్గం ఆపలేదు. "ఫ్యాను కింద మళ్లా బుక్కు పెట్టిండా?" అని మాత్రం అడిగింది. పెట్టాడు.

చివరి రోజుల్లో ఆస్పత్రి మంచం మీద ఆమెకు మాట సరిగా రాలేదు. నర్సు సూదితో వచ్చినప్పుడల్లా కళ్లు నా వైపు తిప్పేది. నేను పేరు అడిగేదాన్ని. "మీరు డాక్టరా మేడం?" అని ఒక నర్సు విసుక్కుంది. కాదు, మగ్గపోళ్లం అన్నాను. ఆమెకు అర్థం కాలేదు గానీ సీసా తిప్పి చూపించింది. అత్త పోయింది వయసు వల్ల. ఏ మందు వల్లా కాదు. ఈ మాట కూడా నేను గర్వంగానే అంటున్నాను.

పదకొండో రోజు అయ్యాక నాకు గొంతు నొప్పి పట్టుకుని డాక్టరు రాసిన చీటీతో బజారుకు పోయాను. కౌంటరులో ఇరవై ఏళ్ల అమ్మాయి, పక్కన బోర్లించిన నవల. చీటీ చూసి, పట్టీ తీసి నా ముందు పెట్టింది.

"నూలేంది?" అన్నాను.

"ఏంది ఆంటీ?"

"దీని అసలు పేరేందని."

"మంచి కంపెనీదే ఆంటీ. అందరూ ఇదే తీసుకపోతరు." ఆ మొహంలో చిరాకు నాకు బాగా తెలిసినది. నేను ఆ వయసులో అద్దంలో చూసుకోలేదు గానీ, అచ్చం అట్లాగే ఉండి ఉంటాను.

మెట్టు మీద కూర్చున్నాను. మోకాళ్లు నొప్పి పుట్టాయి.

"మీకు పెన్సిలిన్ గిట్ల పడదా ఆంటీ?"

"నాకు పడుతది. మా అత్తకు పడది."

"మరి మందు ఆమెకా?"

"కాదు. ఆమె లేదు."

 అమ్మాయి పట్టీ తిప్పి, కళ్లు చిట్లించి, చిన్న అక్షరాలు చదవడం మొదలుపెట్టింది.