రిజిస్టరులో పద్దెనిమిదేళ్లు

మా పక్కింటి పెద్దమ్మ పోయిన సోమవారం చనిపోయింది. రాయచూరు నుంచి వాళ్ల కోడలు ఫోన్ చేసేటప్పటికి నేను బళ్ళారి ఆసుపత్రిలో నర్సు డ్యూటీలో ఉన్నాను. ఆమె మీకెవరికీ తెలియదు. ఈరోజు నా రెండు చేతులూ బాగున్నాయంటే మాత్రం ఆమె వల్లే.

పదో తరగతి తప్పాక, పదహారేళ్లప్పుడు, ఆమె వెంటే పత్తి మిల్లుకు వెళ్లాను. పత్తిలో చెత్త ఏరే పని. రిజిస్టరులో నా వయసు పద్దెనిమిదని రాసుకున్నారు. పెద్దమ్మకు చదువు రాదు. అయినా గేటు దగ్గర కన్నడంలో అంటించిన నియమాలను వచ్చేపోయేవాళ్లతో చదివించుకుని కంఠతా పట్టింది. "అడిగి తెల్సుకునేటందుకు సిగ్గెందుకే?" అనేది, జొన్నరొట్టె సగం విరిచి నా చేతిలో పెడుతూ.

ఒకరోజు పత్తి మిషన్ మీద మనిషి రాలేదు. మేస్త్రి నన్ను నిలబడమన్నాడు. అంతకుముందు ఏడాది ఆ మిషన్‌లోనే ఒకామె వేళ్లు పోయాయి. పెద్దమ్మ పని వదిలి లేచి వచ్చింది.

"ఈ పిల్లకు పదహారే. పద్దెనిమిది నిండకుంటే మిషన్ మీద పెట్టొద్దని కానూన్ ఉంది."

"రిజిస్టర్ల పద్దెనిమిది ఉంది గదమ్మా."

"రిజిస్టర్ల రాస్తే పిల్ల పెద్దగైతదా?"

ఇద్దరినీ గేటు బయటికి పంపేశారు. నేను ఏడుస్తుంటే, "ఏడ్సుడు తర్వాత. నీ బడి కాగితం యాడుంది?" అంది. పుట్టిన తేదీ ఉన్న ఆ కాగితం పట్టుకుని కార్మిక శాఖ ఆఫీసుకు మూడుసార్లు తిరిగాం. మూడోసారి అధికారి మాతోపాటే మిల్లుకొచ్చి రిజిస్టరు చూశాడు. నాతోపాటు ఇంకో నలుగురు ఆడపిల్లల వయసులు దిద్దారు. మా ఇద్దరినీ మళ్లీ పనిలోకి తీసుకున్నారు. ఆడపిల్లలను మిషన్ల దగ్గరికి పంపడం మానేశారు.

పెద్దమ్మను మాత్రం మా వరస నుంచి తప్పించి ఎండలో ఆవరణ ఊడ్వమన్నారు. "మొగోడు అడిగితే లీడర్ అంటరు. ఆడిది అడిగితే నోరెక్కువంటరు," అంటూ వారం ఊడ్చింది. ఎనిమిదోరోజు చీపురు తెచ్చి మేస్త్రి ముందు పెట్టింది.

"ఫిర్యాదు చేసినందుకు గిట్ల జేసుడు గూడ తప్పే. మళ్ల పోయి అడగాల్నా?"

మధ్యాహ్నానికల్లా ఆమె మా మధ్య కూర్చుని పత్తి ఏరుతోంది. ఆ ఏడే నాచేత మళ్లీ పదో తరగతి పరీక్ష కట్టించింది.

అంత్యక్రియలకు మిల్లు ఆడవాళ్లు పనిలోంచి నేరుగా వచ్చారు. వీధి చివర ఆడవాళ్లు ఆగిపోవాలని ఎవరో అన్నారు. వాళ్లు ఆగలేదు. నేనూ ఆగలేదు. వాళ్ల జుట్టులో చిక్కుకున్న పత్తి పీచు గాలికి విడివడి, పాడె వెనక దారి పొడవునా తెల్లగా రాలుతూ పోయింది.