మగ్గం గుంటలో మునిగే పురుగు

మొన్న తమ్ముడు ధర్మవరం నుంచి ఫోన్ చేసి, "అక్కా, మగ్గం గుంట పూడిపించి బండలు పరిపిస్తాండా. ఆడ నీకేమన్నా కావల్నా?" అని అడిగాడు. నాయన కాళ్లు దించి కూర్చుని నేసిన ఆ ఖాళీ గుంటలో నాకేం కావాలి? అయినా నేను వచ్చేదాకా తట్టెడు మట్టి కూడా పోయొద్దని కోప్పడి మరీ చెప్పాను. పాపం, ఆ గుంటలో జరిగిన సంగతి వాడికి తెలియదు. అది జరిగేనాటికి వాడింకా మాటలు నేర్చుకుంటున్నాడు.

ఎనభైల మొదట్లో నేను అనంతపురంలో జంతుశాస్త్రం పీజీ చదువుతున్నాను. కొత్తచెరువు దారిలో ఎండిపోతున్న ఒక కుంటలో దొరికిన నీటిపురుగుల పిల్లల మీద నా ప్రాజెక్టు. పెద్దయితే నున్నటి పెంకుపురుగులే గానీ, పిల్లలుగా ఉన్నప్పుడు వాటి రూపం వేరు. వేలెడు పొడవు, చదునైన తల, కొడవళ్లలాంటి రెండు దవడలు. ఒక్కో దవడలో వెంట్రుకంత సన్నటి గొట్టం. చేపపిల్లను పట్టి, ఆ గొట్టంలోంచి రసం ఎక్కించి, లోపలి మాంసం కరిగాక తాగేస్తుంది. ఊపిరి పీల్చేది తోకతో. తోక కొసను నీటిపైకి పెట్టి తలకిందులుగా వేలాడుతుంది. నేను ఇదంతా మురిసిపోతూ చెబుతుంటే అమ్మ, "వీటికి బదులు కోళ్లను సాకింటే గుడ్లన్నా పెడుతుండె" అనేది.

తంటా అంతా వాటి కుటుంబం తేల్చడంలో వచ్చింది. అలాంటి పిల్లలు రెండు కుటుంబాల్లో ఉంటాయి. మునిగి వేటాడే పురుగుల కుటుంబమైతే పిల్ల కాలికి రెండేసి గోళ్లు. పెద్దయ్యాక కుళ్లిన ఆకులు తినే రెండో కుటుంబమైతే ఒక్కటే గోరు. నా బొమ్మలో నేను రెండు గోళ్లు గీశాను. స్పిరిటులో ముడుచుకుపోయిన నమూనాను చూసి మా సారు ఉన్నది ఒక్క గోరే అన్నారు. "పెద్ద పురుగయ్యాక తెచ్చి చూపించు. అంతవరకు సంతకం పెట్టను" అని కాగితాలు వెనక్కి తోశారు. సంతకం లేకపోతే ఏడాది పోతుంది. మా సాలెవాళ్ల ఇళ్లలో ఆడపిల్లను పీజీ దాకా పంపడమే గొప్ప. ఇంకో ఏడాది అడిగే ధైర్యం నాకు లేదు.

ఆరు పిల్లలను ప్రాణాలతో ఇంటికి తెచ్చాను. ఒకటి పక్కదాన్ని తినేసింది కాబట్టి ఆ దొంగను వేరే సీసాలో పెట్టి, మిగిలిన నాలుగింటిని గంగాళంలో ఉంచాను. మర్నాడు పొద్దున చూస్తే గంగాళంలో నీళ్లు అద్దంలా తేటగా ఉన్నాయి. నాలుగూ అడుగున చచ్చి పడి ఉన్నాయి. "బురద నీళ్లల్లో ఎట్ల బతుకుతాయిలే అని రోంత పటిక తిప్పినా మే" అంది అమ్మ. కరువు రోజులు, ఇంటికి ఏ నీళ్లొచ్చినా పటిక తిప్పి తేర్చడం ఆమె చేతికి అలవాటు. నేను తిట్టలేదు, ఏడ్చాను. కుంటకు పరుగెత్తితే అక్కడ నెర్రెలు తప్ప ఏమీ లేదు.

మిగిలింది ఆ దొంగ ఒక్కటే. నాలుగు రోజులకు అది తిండి మానేసింది. నీళ్లలో ఉండలేక సీసా గోడలు పట్టుకుని పైకి పాకేది. చస్తోందేమోనని కంగారుపడ్డాను. నిజానికి గూడు కట్టుకోవడానికి తడిమట్టి వెతుక్కుంటోంది. పుస్తకంలో చదివీ ఆ కంగారులో మరిచిపోయాను. ఒక పొద్దున సీసా ఖాళీగా ఉంది.

ఇల్లంతా గాలిస్తుంటే, గుంటలోకి కాళ్లు దించబోయిన నాయన కదలకుండా ఆగిపోయాడు. "పాపా, ఈడుండాది. గోడలోకి దూరతాండాది."

ఇల్లంతటిలో తడి ఉన్నది ఆ గుంటలోనే. గాలి పొడిగా ఉంటే పట్టుపోగు తెగుతుందని నేతగాళ్లు రోజూ గుంటలో నీళ్లు చల్లుతారు. పురుగు దూరింది సరిగ్గా, నేసేటప్పుడు కాళ్లతో ఒకటి మార్చి ఒకటి తొక్కే కర్రల పక్కన. కాలు ఆడితే మట్టి కూలుతుంది. మగ్గం మీదేమో ఎవరిదో పెళ్లిచీర సగంలో ఉంది.

నాయన కాళ్లు పైకి తీసుకున్నాడు. నేసే పని ఆపినా నీళ్లు చల్లడం ఆపలేదు. చీర పురమాయించిన షావుకారు రెండుసార్లు వచ్చి, "ఏమప్పా, మగ్గం సప్పుడే లేదు?" అని గద్దించాడు. "పోగులు తెగిపోతాండాయన్నా, అతకాల" అన్నాడు నాయన. మగ్గం విషయంలో ఆయన అబద్ధమాడగా నేను విన్నది అప్పుడే. తలెత్తి ఆయన మొహం చూడలేకపోయాను. గూడులో ఉన్నది బతికుందో లేదో తవ్వి చూడ్డానికి లేదు. పన్నెండు రోజులు అలా గడిచాయి.

పదమూడో పొద్దున మట్టి చిట్లి, పచ్చని అంచున్న నల్లటి పురుగు బయటికొచ్చింది. పళ్లెంలో నీళ్లు పోసి వదిలాను. "రెండో కుటుంబమైతే వెనక కాళ్లు ఒకటి మార్చి ఒకటి ఆడిస్తుంది నాయనా. మునిగేదైతే రెండూ ఒకేసారి" అన్నాను. నాయన పళ్లెం మీదికి వంగి చాలాసేపు చూశాడు.

"ఇది మన మాదిరి తొక్కల్యా పాపా. రెండు కాళ్లూ ఒకేతూరి ఆడిస్తాండాది" అన్నాడు. పురుగును అనంతపురం తీసుకెళ్తే సారు కూడా అదే చూసి సంతకం పెట్టారు. నాయన మాత్రం రాత్రనక పగలనక నేసి చీర ముగించాడు.

నిన్న వెళ్లి గుంటలో దిగాను. గోడ ఎండిపోయి, ముట్టుకుంటే రాలుతోంది. తమ్ముడితో పూడ్చుకోమన్నాను. నాయన కాళ్లు నలభై ఏళ్లు ఆడిన చోటు అది. నా బతుకంతా మాత్రం అవి ఆడకుండా ఆగిన ఆ పన్నెండు రోజుల మీదే నడిచింది.