అన్నం పక్కన బత్తాయి జెల్లీ

మా అత్తగారింట్లో ప్రతి మనిషికీ ఒక వంట ఉంటుంది. భూమి పంపకాల మీద పేచీలు వస్తాయి గానీ, వంటల పంపకం మీద ఎవరూ నోరెత్తరు. మటన్ మా బావది. గారెలు బావ భార్యవి, అంటే నా యారాలివి. పచ్చిపులుసు ఆడబిడ్డది. బగారన్నం అత్తమ్మది. ఆ గంజు మూత ఇంకొకరు తీస్తే అన్నం మెత్తబడుతుందని ఆమె నమ్మకం. మెత్తబడిందో లేదో చూసే ధైర్యం ఇంతవరకూ ఎవరికీ రాలేదు. అత్తమ్మ కొడకండ్లలో ఉంటుంది, బావ గూడూరులో, ఆడబిడ్డ భూపాలపల్లిలో, మేము జనగామలో. దావత్ ఎవరింట్లో అయినా పొయ్యి దగ్గర పెత్తనం మాత్రం అత్తమ్మదే.

నేను కోడలిగా వచ్చేనాటికి వంటలన్నీ ఎవరివి వాళ్లు పంచేసుకున్నారు. నాకు మిగిలింది అల్లం, ఎల్లిగడ్డ. అది వంట కాదు, వంటకు ముందు జరిగే చాకిరీ. నేను ప్రైవేటు బడిలో సైన్సు చెబుతాను. బడిలో పిల్లలు నన్ను చూస్తే లేచి నిలబడతారు. దావత్ రోజు మాత్రం పీట మీద కూర్చుని ఎల్లిగడ్డలు ఒలుస్తుంటే, చుట్టాలంతా నా మీదుగా దాటుకుంటూ పోయి యారాలి గారెలు ఎంత గుల్లగా వచ్చాయో మాట్లాడుకుంటారు. ఒలిచిన ఎల్లిగడ్డను మెచ్చుకున్న మనిషిని నేను ఇంతవరకూ చూడలేదు.

నాకూ ఒక వంట కావాలని ఒకసారి అడిగేశాను. అత్తమ్మ కాదనలేదు. "చెయ్యి బిడ్డ, ఎవలు వద్దన్నరు. గంజు ఖాళీ అయితే వంట నీది. మిగిలితే మళ్ల ఎల్లిగడ్డల కాడికే" అంది. అదే ఆ ఇంటి చట్టం. అప్పీలు లేదు. ఆ ఏడు నేను సేమియా పాయసం చేశాను. సగం మిగిలింది. అత్తమ్మ మిగిలిన గంజును పోయేవాళ్లకూ వచ్చేవాళ్లకూ కనబడేట్టు అరుగు మీద పెట్టింది. తిట్టినా అంత బాధ ఉండేది కాదు.

వాళ్లకు తెలిసిన వంట చేస్తే వాళ్ల నాలుక దగ్గర పోలికలు సిద్ధంగా ఉంటాయి, కాబట్టి ఎవరూ తినని వంట చేయాలని తేల్చుకున్నాను. ఫోనులో ఒకామె బత్తాయి రసం, మీగడ, జెలటిన్ కలిపి జెల్లీ చేస్తూ కనబడింది. ఆమె వంటింట్లో ఒక్క ఎల్లిగడ్డ పొట్టు లేదు. జెల్లీని పళ్లెంలోకి బోర్లిస్తే లేత పసుపు రంగులో అదురుతూ నిలబడింది. నా భవిష్యత్తు అక్కడ కనబడింది నాకు.

మొదటిసారి వేడి పాలల్లో బత్తాయి రసం, నిమ్మరసం పోశాను. పాలు విరిగిపోయాయి. పాలల్లో పులుపు పడితే విరుగుతాయని ఏటా పిల్లలకు నేను చెప్పే పాఠమే. పరీక్షలో రాయనివాళ్లకు మార్కులు కూడా కోస్తాను. మా ఆయన ఆ విరిగిన పాలను చక్కెరతో తిని, కోవా బాగుందన్నాడు. రెండోసారి జెలటిన్ ఎక్కువై బంతిలా తయారైంది, చెంచా దిగలేదు. ఆ తరువాత తెలిసింది. జెలటిన్ పొడిని ముందు చల్లటి నీళ్లలో నానబెట్టాలి. వేడి నీళ్ల గిన్నెలో పెట్టి కరిగించాలి. చక్కెర కలిపిన రసంలో దాన్ని పోసి, బాగా చల్లారి చిక్కబడుతున్నప్పుడు మాత్రమే గిలక్కొట్టిన మీగడ మెల్లగా కలపాలి. బత్తాయి ఒక్కటే అయితే చప్పగా ఉంటుంది, ఒక నిమ్మకాయ పిండి, తొక్క కొంచెం తురిమి వేస్తే ప్రాణం వస్తుంది. ఈ పద్ధతిలో చేస్తే జెల్లీ నోట్లో పెట్టగానే వెన్నలా జారిపోయింది. నాకు కళ్లల్లో నీళ్లు తిరిగాయి. మా ఆయన రెండు గిన్నెలు తిని, కోవానే నయం అన్నాడు.

ఫొటో తీసి కుటుంబం వాట్సాప్ గ్రూపులో పెట్టాను. ఒక చిన్నమామ దండం బొమ్మ పెట్టాడు. ఆయన చావు కబురుకూ, పుట్టినరోజుకూ అదే పెడతాడు. యారాలు మాట రికార్డు చేసి పంపింది. "చెల్లె, గిది సబ్బా?" అని. అత్తమ్మ ఏకంగా ఫోనే చేసింది.

"గది గడ్డ ఎట్ల కట్టింది?"

"జెలటిన్ అని పొడి ఉంటది అత్తమ్మ. బొక్కలు ఉడకబెట్టి తీస్తరు."

"చలికాలం కాళ్ల షోర్వ తెల్లారేసరికి గడ్డ కడ్తది సూడు, గట్లనా?"

"గట్లనే."

"అంటే కాళ్ల షోర్వల చక్కెర ఏసినవ్."

సైన్సు ప్రకారం ఆ మాటలో తప్పు పట్టడానికి ఏమీ లేదు. నాకు ఒళ్లు మండిపోయింది.

భూపాలపల్లిలో ఆడబిడ్డ కొడుకు పుట్టువెంట్రుకల దావత్ వచ్చింది. ఆడబిడ్డ భర్త బొగ్గు గనిలో పనిచేస్తాడు, ఆ వాడకట్టు మొత్తం వస్తుంది. ఇక్కడ గంజు ఖాళీ అయితే నా బతుకు ఒడ్డున పడ్డట్టే. జెల్లీ జనగామ నుంచి తీసుకుపోతే హనుమకొండ దాటకముందే రసమైపోతుంది కాబట్టి, సంచి నిండా బత్తాయిలు పట్టుకుని ముందురోజే బస్సెక్కాను. కండక్టరు ఉచిత టికెట్టుకు ఆధార్ కార్డు చూసి, తరువాత సంచిని చూసి, "అమ్మనీకా?" అన్నాడు. బస్సు దిగేలోపు సంచిని తొక్కనివాళ్లు లేరు.

ఆడబిడ్డ ఫ్రిజ్‌లో మటన్‌కు కలిపి పెట్టిన మసాలా, పెరుగు గిన్నెలు, చుట్టుపక్కల వాళ్లు పెట్టిన కూల్‌డ్రింకులు కిక్కిరిసి ఉన్నాయి. కూల్‌డ్రింకులు తీస్తానంటే బావ ఒప్పుకోలేదు, పెరుగు తీస్తానంటే అత్తమ్మ ఒప్పుకోలేదు. చివరికి కూరగాయల అర ఖాళీ చేయించి అల్యూమినియం గంజు నిండా జెల్లీ పెట్టాను. పొద్దున లేచి చూస్తే చక్కగా గట్టిపడి ఉంది. ఒక మూల చెంచాతో తోడిన గుంట కనబడింది. పిల్లలెవరో అయి ఉంటారు, నచ్చి ఉంటుంది, మంచి శకునమే అనుకున్నాను.

నా ఏర్పాటు ఏమిటంటే, భోజనాలు అయ్యాక చిన్న కాగితం కప్పులలో జెల్లీ వేసి, పైన ఒక్కో బత్తాయి తొన పెట్టి, అందరికీ నా చేతులతో అందించాలి. కప్పులు పెట్టిన సంచి ఏ గదిలో పెట్టానో మరిచిపోయి ఇల్లంతా వెతికి, దొరికించుకుని షామియానా దగ్గరికి వచ్చేసరికి మొదటి బంతి కూర్చుంది. మా బావ వడ్డించే బక్కెట్టుతో వరుసలో నడుస్తున్నాడు. వడ్డనకు పెద్ద ఆయనే. ఆ బక్కెట్టులో నా జెల్లీ ఉంది. పెద్ద గరిటెతో ఒక్కొక్కరి పళ్లెంలో, పొగలు కక్కుతున్న బగారన్నం పక్కన, మటన్‌కు ఆనించి వేస్తూ పోతున్నాడు.

వేడి అన్నం తగిలిన చోటల్లా జెల్లీ కరిగిపోతోంది. నా కళ్ల ముందే ఒక పెద్దమనిషి దాన్ని మటన్ షోర్వతో కలిపి ముద్ద చేసి నోట్లో పెట్టుకున్నాడు. ఆయన నమిలాడు. పక్కాయన వైపు తిరిగి, "పెరుగు చట్నీ మంచిగున్నది. జర తియ్యగున్నది గని" అన్నాడు. పక్కాయన అనుభవం ఉన్నవాడిలా తల ఊపి, "కోస్తా దిక్కు గిట్లనే చేస్తరు" అన్నాడు.

నేను బావకు అడ్డం పోయాను. "బావా, గది స్వీటు."

ఆయన బక్కెట్టులోకి చూశాడు. "చల్లగున్నది, తెల్లగున్నది, పుల్లగున్నది. స్వీటెట్లయితదమ్మా?" అని ముందుకు సాగిపోయాడు. ఎన్నో బంతులు వడ్డించిన చేయి అది, నా మాటకు ఆగుతుందా.

రెండో బంతిలో చట్నీ ఇంకొంచెం వెయ్యమని అడిగి వేయించుకున్నారు. మూడో బంతి సగంలోనే అయిపోయింది. అందనివాళ్లు తమకు రాలేదని అలిగారు. గంజు తుడిచినట్టు ఖాళీ. ఆడబిడ్డ నా భుజం తట్టి, "చట్నీల బత్తాయి కలపాలె అన్న ఆలోచన నీకు ఎట్లొచ్చింది వదినా?" అంది. నేను వంటింట్లోకి పోయి, పైన పెట్టడానికి ఒలిచి ఉంచిన బత్తాయి తొనలన్నీ ఒక్కదాన్నే తినేశాను.

"గంజు ఖాళీ అయింది గద, ఇంకేం గావాలె?" అన్నాడు మా ఆయన తిరుగు బస్సులో. ఖాళీ అయింది నా గంజు కాదు. నేను చేసిన వంటను ఒక్కరూ తినలేదు, ఇంకేదో తిన్నారు. ఈ తేడా మగవాళ్లకు అర్థం కాదని కాదు, అర్థం చేసుకుంటే మాట్లాడాల్సి వస్తుందని ఊరుకుంటారు. గ్రూపులో "చట్నీ సూపర్" అని వరుసగా వచ్చాయి. చిన్నమామ దండం పెట్టాడు. అత్తమ్మ ఫోను చేసినప్పుడల్లా ఫోను మా ఆయన చేతిలో పెట్టి పక్కకు పోయేదాన్ని. తీయటి జెల్లీకి చట్నీ అని పేరు పెట్టిన ఇంటిమీద నాకు చాలా రోజులు కోపం తగ్గలేదు.

తరువాతి దావత్ గూడూరులో, బావ కూతురు ఓణీల ఫంక్షన్. అత్తమ్మ మా ఆయనతో చెప్పి పంపింది. "గా పుల్లటి చట్నీ చిన్నకోడలే చెయ్యాలె. అది ఆమె వంట" అని. ఎన్నేళ్లుగానో వినాలనుకున్న మాట అది. విన్న తరువాత సంతోషం, కోపం రెండూ ఒకేసారి వచ్చాయి. ఈసారి తేల్చేద్దామనుకున్నాను. చట్నీ కాదు, తీపి అని అందరి ముందూ చెబుతాను. కప్పులలోనే పెడతాను. నచ్చితే తింటారు, లేకపోతే లేదు. గూడూరు దాకా బస్సులో ఆ మాటలనే మనసులో అనుకుంటూ పోయాను.

జెల్లీ గట్టిపడింది. బావ ఇంటి వెనక అత్తమ్మ చాప మీద కూర్చుని బగారలోకి పుదీన ఆకు తుంచుతోంది. నేను పోయి ఎదురుగా నిలబడి చెప్పేశాను. "అత్తమ్మ, గది చట్నీ కాదు. తీపి. పోయినసారి బావ తెల్వక అన్నం పక్కకు వేసిండు. ఈసారి భోజనాలయినంక నేనే పెడ్త."

ఆమె తల ఎత్తలేదు. "తీపని నాకు తెల్వదా? భూపాలపల్లిల పొద్దుగాల ఫ్రిజ్ తెరిచి చెంచెడు తిన్న. మంచిగ చేసినవ్."

ఆ గుంట పిల్లలది కాదన్నమాట. "మరి చట్నీ అని బావకు ఎవలు చెప్పిన్రు?"

"నేనే."

ఆమె ఒక రెమ్మ పక్కన పెట్టి ఇంకో రెమ్మ అందుకుంది.

"మన బంతిల తీపి అంటే ఎవలు తింటరు బిడ్డ? షుగరున్నోడు వద్దంటడు. మటన్ తిన్నోడు కడుపు నిండిందంటడు. మందు తాగినోడు మొఖం తిప్పుకుంటడు. నీ సేమియా గూడ మంచిగనే ఉండె, సగం మిగిలె. మళ్ల మిగిలితే నిన్ను మళ్ల ఎల్లిగడ్డల కాడ కూసోబెట్టాలె. నాకు మాత్రం మంచిగనిపిస్తదా? అన్నం పక్కకు పోయిందాన్ని ఎవడు వద్దంటడు."

"నాకప్పుడే చెప్పకపోతివి."

"చెప్తే వద్దందువు. నీకు పేరు గావాలె. నాకు గంజు ఖాళీ గావాలె."

ఇన్నేళ్లూ ఆమె నన్ను ఆ పీట మీద చూసి సంతోషపడుతోందనుకున్నాను. గంజును అరుగు మీద పెట్టింది నన్ను అవమానించడానికే అనుకున్నాను, బహుశా అందుకే పెట్టింది కూడా. అయినా ఆ ఇంట్లో నాకు ఒక వంట ఉండాలని నాతో పాటు కోరుకున్న మనిషి ఆమె ఒక్కతే. ఆమె పక్కన కూర్చుని ఏడవాలనిపించింది. ఏడిస్తే పుదీన తుంచమంటుందని నిలబడే ఉన్నాను.

"ఇప్పుడైతే వంట నీది అయిపాయె. తీపి అని చెప్పుకో, చట్నీ అని చెప్పుకో. నీ ఇష్టం" అంది.

మధ్యాహ్నం షామియానాలో మొదటి బంతి కూర్చుంది. బావ ఖాళీ బక్కెట్టుతో వచ్చి, నా గంజు మూత తీసి, గరిటె చేత్తో పట్టుకుని అడిగాడు. "ఏమ్మా, పోయినసారి స్వీటంటివి. మరి గిదేంది, ఎప్పుడు వెయ్యాలె?"

కాగితం కప్పుల సంచి నా చేతిలోనే ఉంది. పక్కనే అత్తమ్మ తన బగారన్నం గంజు మీదినుంచి చూపు తిప్పలేదు. నేను వరుసలో కూర్చున్న జనాన్ని చూశాను, వాళ్ల పళ్లేలలో పడుతున్న బగారన్నాన్ని చూశాను.

"పెరుగు చట్నీ బావా. అన్నం పక్కకు వెయ్యి" అన్నాను.

ఆయన బక్కెట్టు నింపుకుని రెండడుగులు వేసి, అనుమానం వచ్చి వెనక్కి తిరిగాడు. "ఉప్పు చూసినవా?"

"చూసిన. సరిపోయింది" అన్నాను.